ఆటలో బంగారం, చేతిలో రింగిట్లు

ఈ నెల ‘డబ్బు మాటలు’ రాస్తానని చెప్పాను. బేరం, బాకీ, వడ్డీ, చిల్లర లాంటివి. రాయడానికి కూర్చుంటే అది చరిత్ర వ్యాసం అయింది. కొంచెం పొడుగు. నెమ్మదిగా చదవండి. నేనూ నెమ్మదిగానే రాశాను. కష్టమైన మాట వచ్చిన చోట అక్కడే అర్థం చెప్పాను.

కొత్తగా వచ్చినవాళ్ళ కోసం నా గురించి రెండు మాటలు. నాకు 65 ఏళ్ళు. పుట్టి పెరిగింది మలేషియాలో, పెరాక్ రాష్ట్రంలో. చదువంతా ఇంగ్లీషులోనే. ఇంట్లో తెలుగు మాట్లాడేవాళ్ళం కానీ చదవడం, రాయడం నేను రిటైరయ్యాక సొంతంగా నేర్చుకున్నాను. ముప్పై ఏళ్ళు బ్యాంకులో గుమాస్తాగా పనిచేశాను. అందుకే మా గుడిలో నన్ను రసీదుల బల్ల దగ్గర కూర్చోబెట్టారు. అర్చనకీ, అన్నదానానికీ డబ్బు తీసుకుని రసీదు రాయడం నా సేవ.

పోయిన ఏడాది ఉగాదికి వారం ముందు మా అమ్మాయి కొడుకు ఆ బల్ల దగ్గరికి వచ్చాడు. వాడికి ఇరవై ఏళ్ళు. అన్నదానానికని 101 రింగిట్లు బల్ల మీద పెట్టాడు.

“అమ్మమ్మా, ఇది నా మొదటి సంపాదన. నా పేరు మీద రాయి.”

నాకు చాలా సంతోషం వేసింది. పెన్ను తీశాను. “ఎక్కడ పని దొరికిందిరా?” అన్నాను.

“పని కాదు అమ్మమ్మా. ఆటలో బంగారం అమ్మాను.”

నాకు అర్థం కాలేదు. లేని బంగారాన్ని ఎలా అమ్ముతారు? లేనిదాన్ని అమ్మితే మా బ్యాంకులో దానికి ఒకటే పేరు: మోసం. ఆ మాటే నా నోట్లోంచి వచ్చింది. వెనక వరసలో ఇంకో ఇద్దరు ఉన్నారు. వాళ్ళూ విన్నారు. వాడు ఏమీ అనలేదు. డబ్బు అక్కడే వదిలేసి, చెప్పులు వేసుకుని వెళ్ళిపోయాడు.

ఆ నోట్లు ఒక కవరులో పెట్టి సొరుగులో ఉంచాను. రసీదు రాయలేదు. రసీదు లేకుండా డబ్బు సొరుగులో పెట్టడం నా జీవితంలో అదే మొదటిసారి. రోజూ సొరుగు తెరిచినప్పుడల్లా ఆ కవరు కనిపించేది. అది మంచి డబ్బా, కాదా? తెలుసుకోవాలని చదవడం మొదలుపెట్టాను. ఈ వ్యాసం ఆ చదువే.

ముందు ఒక కూపను కథ

మా గుడిలో ఉగాదికి తిండి అంగళ్ళు పెడతాం. అంగళ్ళలో రింగిట్లు తీసుకోరు. ముందు బల్ల దగ్గర కూపన్లు కొనాలి. 5 రింగిట్లకి ఒక దోసె కూపను. మిగిలిన కూపన్లు వెనక్కి తీసుకోం. అంటే డబ్బు కూపను అవుతుంది కానీ కూపను మళ్ళీ డబ్బు అవదు. ఇది ఒకవైపు దారి.

ఒక ఏడాది కూపన్ల వరస గుడి గేటు దాకా వెళ్ళింది. ఎండ మండిపోతోంది. అప్పుడు పన్నెండేళ్ళ పిల్లాడొకడు వరసలో నుంచుని పది కూపన్లు కొని, గేటు దగ్గర ఒక్కొక్కటి 7 రింగిట్లకి అమ్మాడు. కొన్నవాళ్ళకి డబ్బు ఉంది, నుంచునే ఓపిక లేదు. పిల్లాడికి ఓపిక ఉంది, డబ్బు లేదు. ఇద్దరికీ లాభమే. కానీ మా కమిటీవాళ్ళకి కోపం వచ్చింది. “మన కూపను, మన నియమం” అన్నారు.

ఆ రోజు నేను నవ్వుకున్నాను. ఇప్పుడు అనిపిస్తోంది, ఆటల డబ్బు చరిత్ర మొత్తం ఆ గేటు దగ్గరే ఉంది. ఓపిక అమ్మేవాడు ఒకడు, ఓపిక కొనేవాడు ఒకడు, “ఇది నాది” అనే యజమాని ఒకడు.

మొదటి అంగళ్ళు

చాలామంది కలిసి ఒకే లోకంలో ఆడే కంప్యూటర్ ఆట ఒకటి 1978లో ఇంగ్లండులో, ఎసెక్స్ విశ్వవిద్యాలయంలో పుట్టింది. పేరు మడ్. రాయ్ ట్రబ్‌షా, రిచర్డ్ బార్టిల్ అనే ఇద్దరు విద్యార్థులు దాన్ని తయారుచేశారు. అందులో బొమ్మలు లేవు, అన్నీ అక్షరాలే.

1997లో అమెరికాలో అల్టిమా ఆన్‌లైన్ వచ్చింది. వేలమంది ఒకే లోకంలో ఉండేవాళ్ళు. కమ్మరి పని చేయవచ్చు, చేపలు పట్టవచ్చు, ఇల్లు కట్టుకోవచ్చు. అయితే ఇల్లు కట్టడానికి స్థలం తక్కువ. స్థలం తక్కువైన చోట ఏం జరుగుతుందో మనకి తెలుసు. ఆటలో ఉన్న ఇళ్ళని ఆట బయట, ఈబే అనే వేలం అంగడిలో అసలు డాలర్లకి అమ్మడం మొదలైంది.

1999లో ఎవర్‌క్వెస్ట్ వచ్చింది. ఆ లోకం పేరు నోరాత్. అక్కడ చెల్లే డబ్బు పేరు ప్లాటినం. ఒక మంచి కత్తి కావాలంటే వారాల తరబడి రాక్షసుల్ని చంపాలి. పగలంతా ఆఫీసులో పనిచేసి రాత్రి ఒక గంట ఆడుకునేవాడికి అంత సమయం ఎక్కడిది? వాడు కత్తి కొనుక్కుంటాడు. సమయం ఉన్న కుర్రాడు అమ్ముతాడు. గేటు దగ్గర కూపను లాంటిదే.

ఆ ఆట సోనీ కంపెనీది. 2001 మొదట్లో ఆ కంపెనీ అడిగితే ఈబే ఆ వేలాలు తీసేసింది. అమ్మకం ఆగిందా? ఆగలేదు. వేరే అంగళ్ళకి వెళ్ళింది. అదే ఏడాది ఐజీఈ అనే కంపెనీ కూడా పుట్టింది. ఆట డబ్బు కొని అమ్మడమే దాని వ్యాపారం. 2007 జనవరిలో ఈబే దాదాపు అన్ని ఆటల సామాన్లనీ నిషేధించింది. నిషేధించడం అంటే ‘ఇది చేయకూడదు’ అని చెప్పడం. అప్పటికే ఆ వ్యాపారానికి సొంత బజార్లు ఉన్నాయి.

ఒక ప్రొఫెసరు లెక్క

నేను లెక్కలమనిషిని కాబట్టి ఈ భాగం నాకు చాలా నచ్చింది.

ఎడ్వర్డ్ కాస్ట్రోనోవా అప్పట్లో కాలిఫోర్నియాలో ఆర్థికశాస్త్రం చెప్పే ప్రొఫెసరు. ఆయన నోరాత్‌లో ఆడి, బయట జరిగే వేలాల ధరలు రాసుకున్నారు. 2001 చివర ఒక పరిశోధన వ్యాసం బయటపెట్టారు. ఒక దేశం లెక్క రాసినట్టు ఒక ఆట లెక్క రాశారు.

ఆయన లెక్క ప్రకారం ఒక ప్లాటినం నాణెం విలువ సుమారు ఒక అమెరికన్ సెంటు. అంటే అప్పటి జపాన్ యెన్ కంటే, ఇటలీ లీరా కంటే ఎక్కువ. ఆటగాడు గంటకి సుమారు 3.42 డాలర్ల విలువ సంపాదిస్తున్నాడు. నోరాత్‌ని ఒక దేశం అనుకుంటే, తలసరి ఆదాయంలో అది రష్యాకీ బల్గేరియాకీ మధ్యలో ఉంటుంది. ‘తలసరి’ అంటే తలకి ఇంత అని, అంటే ఒక్కొక్క మనిషికి. నాకు ఇష్టమైన మాట.

లేని దేశానికి ఇంత ఆదాయం ఎలా వచ్చింది? ఇక్కడే నా బ్యాంకు బుర్ర తప్పు చేసింది. నేను ‘బంగారం లేదు కాబట్టి విలువ లేదు’ అనుకున్నాను. మరి నా బ్యాంకు పుస్తకంలో ఉన్నది ఏమిటి? అది కూడా ఎవరో ఒక యంత్రంలో రాసిన అంకె. దాన్ని ఇంకొకరు ఒప్పుకుంటారు కాబట్టి అది డబ్బు. నోరాత్ ప్లాటినం కూడా అంతే. తేడా ఒక్కటే. నా బ్యాంకు అంకె వెనక చట్టం ఉంది. ఆ ప్లాటినం వెనక ఒక కంపెనీ మాత్రమే ఉంది.

బంగారం సేద్యం

2004లో వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ వచ్చింది. లక్షలమంది ఆడారు. అమెరికాలో, యూరప్‌లో కొనేవాళ్ళు పెరిగారు. అమ్మేవాళ్ళు ఎక్కువగా చైనాలో తయారయ్యారు. ఈ పనిని గోల్డ్ ఫార్మింగ్ అంటారు. తెలుగులో చెప్పుకుంటే బంగారం సేద్యం. ‘సేద్యం’ అంటే పొలం పని. నిజంగా పొలం కూలి లాగే ఉంటుంది.

జూలియన్ డిబెల్ అనే రచయిత చైనాలోని నాన్‌జింగ్ నగరంలో అలాంటి గదికి వెళ్ళి చూసి, 2007లో న్యూయార్క్ టైమ్స్ పత్రికలో రాశారు. కుర్రాళ్ళు రాత్రి 12 గంటలు ఆడతారు. వారంలో ఏడు రాత్రులూ పనే. నెలకి రెండు మూడు రాత్రులు మాత్రం సెలవు. ఒకే చోట అదే రాక్షసుల్ని చంపి నాణేలు ఏరుకోవడమే పని. 100 నాణేలకి కూలి 10 యువాన్లు, అంటే సుమారు ఒకటింబావు డాలరు. యజమాని వాటిని 3 డాలర్లకో ఇంకొంచెం ఎక్కువకో దళారికి అమ్ముతాడు. ‘దళారి’ అంటే మధ్యవర్తి. ఆ దళారి అమెరికాలో ఆడేవాడికి 20 డాలర్ల దాకా అమ్ముతాడు. కుర్రాడికి గంటకి పడేది సుమారు 30 సెంట్లు.

ఈ లెక్క చదివినప్పుడు కాసేపు కుర్చీలో అలాగే కూర్చుండిపోయాను. ఒకటింబావు, మూడు, ఇరవై. రబ్బరు పాలు గీసేవాడికీ, తోట యజమానికీ, లండన్‌లో అమ్మేవాడికీ మధ్య ఉండే లెక్క కూడా ఇలాంటిదే.

2008లో మాంచెస్టర్ విశ్వవిద్యాలయం ప్రొఫెసరు రిచర్డ్ హీక్స్ ఈ పనిలో సుమారు 4 లక్షలమంది ఉన్నారని అంచనా వేశారు. వాళ్ళ సగటు జీతం నెలకి 145 డాలర్లు. ఇంకా బాధ పెట్టే సంగతి 2011లో గార్డియన్ పత్రికలో వచ్చింది. చైనాలో ఒక శిక్షా శిబిరంలో పగలు గనుల్లో పనిచేసిన ఖైదీల చేత రాత్రి ఆటలో బంగారం ఏరించేవారని, అక్కడ ఉండి వచ్చిన ఒకాయన చెప్పాడు. తక్కువ ఏరితే కొట్టేవారట. ఆ డబ్బు ఖైదీలకి రాదు.

ఇది చదివాక ‘ఆట’ అనే మాట వేరేగా వినిపించింది. ఒకడికి ఆట, ఇంకొకడికి కూలి. స్క్రీన్ మీద మాత్రం ఇద్దరూ ఒకేలా కనిపిస్తారు.

ఇంతకీ అది ఎవరి సొత్తు?

‘సొత్తు’ అంటే ఒకరికి చెందిన ఆస్తి. ఈ ప్రశ్న కోర్టులకి కూడా వెళ్ళింది.

2003లో చైనాలో రెడ్ మూన్ అనే ఆట ఆడే ఒకతను రెండేళ్ళు కష్టపడి, 10,000 యువాన్లు ఖర్చుపెట్టి సంపాదించిన ఆయుధాలు ఎవరో దొంగిలించారు. కంపెనీ పట్టించుకోలేదు. అతను బీజింగ్ కోర్టుకి వెళ్ళాడు. ఆ ఏడాది డిసెంబరులో కోర్టు ఆ వస్తువులు అతనికి తిరిగి ఇవ్వాలని కంపెనీని ఆదేశించింది. చైనాలో ఇలాంటి తీర్పు అదే మొదటిది.

2005లో షాంఘైలో అంత మంచి ముగింపు రాలేదు. లెజెండ్ ఆఫ్ మీర్ 3 అనే ఆటలో ఒకతను తన కత్తిని స్నేహితుడికి అరువిచ్చాడు. స్నేహితుడు దాన్ని 7,200 యువాన్లకి అమ్మేశాడు. మొదటివాడు పోలీసుల దగ్గరికి వెళితే, లేని కత్తికి దొంగతనం కేసు రాయలేమన్నారు. అతను వెళ్ళి నిజమైన కత్తితో స్నేహితుణ్ణి చంపేశాడు. కత్తి లేదు, కానీ ప్రాణం పోయింది.

దక్షిణ కొరియాలో లీనేజ్ అనే ఆట డబ్బుని కొని అమ్మిన ఇద్దరిని అక్కడి అత్యున్నత న్యాయస్థానం 2009 చివర నిర్దోషులని తేల్చింది. చైనా ప్రభుత్వం మాత్రం 2009 జూన్‌లో ఆట డబ్బుతో అసలు వస్తువులు కొనకూడదని నియమం పెట్టింది. ఆట డబ్బు బయటికి వచ్చి అసలు డబ్బుతో కలిసిపోతుందేమో అని వాళ్ళ భయం.

చూశారా, ఒక దేశంలో ఒకలా, ఇంకో దేశంలో ఇంకోలా. నేను బల్ల దగ్గర ఒక్క క్షణంలో తీర్పు చెప్పేశాను. కోర్టులకి ఏళ్ళు పట్టింది.

దారి తెరిచినవాళ్ళు, మూసినవాళ్ళు

కొన్ని కంపెనీలు ‘దొంగచాటుగా ఎందుకు, మేమే దారి పెడతాం’ అనుకున్నాయి. స్వీడన్‌కి చెందిన ఎంట్రోపియా అనే ఆటలో 10 ఆట నాణేలు ఒక డాలరుకి సమానం. ఆ మారకం మారదు. ‘మారకం’ అంటే ఒక డబ్బు ఇచ్చి ఇంకో డబ్బు తీసుకోవడం. 2004లో ఆ ఆటలో ఒక ద్వీపం 26,500 డాలర్లకి అమ్ముడుపోయింది. 2003లో అమెరికాలో మొదలైన సెకండ్ లైఫ్‌లో లిండెన్ డాలర్లని అసలు డాలర్లుగా మార్చుకోవచ్చు. అక్కడ ఆన్షీ చుంగ్ అనే పేరుతో స్థలాల వ్యాపారం చేసిన ఒకావిడ బొమ్మ 2006లో బిజినెస్‌వీక్ పత్రిక ముఖచిత్రంగా వచ్చింది.

2012లో డయాబ్లో 3 అనే ఆటలో కంపెనీయే అసలు డబ్బుతో వేలం అంగడి పెట్టింది. వస్తువు అమ్మితే ఒక డాలరు రుసుము. డబ్బు బయటికి తీసుకుంటే ఇంకో 15 శాతం. రెండేళ్ళు కూడా నడవలేదు. 2014 మార్చి 18న మూసేశారు. ఎందుకు? రాక్షసుణ్ణి చంపి కత్తి గెలవడంలో సరదా ఉంది. బజారులో కత్తి కొంటే ఆ సరదా పోయింది. ఆట కాస్తా అంగడి అయిపోయింది.

2015లో వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ కంపెనీ తెలివైన పని చేసింది. 20 డాలర్లకి ఒక టోకెన్ కొని, దాన్ని ఆటలో ఇంకో ఆటగాడికి అమ్మి బంగారం తీసుకోవచ్చు. కొన్నవాడికి ఒక నెల ఆట వస్తుంది. కానీ బంగారాన్ని నోట్లుగా మార్చి జేబులో వేసుకోవడం కుదరదు. అంటే మా దోసె కూపను పద్ధతే. లోపలికి దారి ఉంది, బయటికి లేదు.

దారి ఉన్నా లేకపోయినా యజమాని ఒక మాట మార్చితే చాలు. కౌంటర్ స్ట్రైక్ ఆటలో ఆయుధాల మీద వేసే రంగుల్ని స్కిన్లు అంటారు. వాటికి వేల డాలర్లు పెట్టేవాళ్ళున్నారు. 2025 అక్టోబరులో కంపెనీ ఒక నియమం మార్చింది. అరుదైన కత్తుల్ని ఇంకో పద్ధతిలో కూడా తయారు చేసుకోవచ్చని అంది. ఒక్క రోజులో వాటి ధరలు పడిపోయాయి. కత్తులు ఎక్కడికీ పోలేదు, అక్కడే ఉన్నాయి. మారింది పుస్తకంలో ఒక గీత.

పేదవాళ్ళ దగ్గరికి వచ్చినప్పుడు

వెనెజువెలాలో ధరలు విపరీతంగా పెరిగి వాళ్ళ బొలివార్‌కి విలువ లేకుండా పోయినప్పుడు, చాలామంది రూన్‌స్కేప్ అనే పాత ఆటలో బంగారం ఏరి అమ్ముకుని బియ్యం, పప్పు కొనుక్కున్నారు. దేశం డబ్బు కంటే ఆట డబ్బు గట్టిగా నిలబడింది. నోరాత్ లెక్క రాసిన ప్రొఫెసరు దీన్ని చూసి ఆశ్చర్యపోయి ఉండరు.

ఇక మన పక్కనే ఉన్న ఫిలిప్పీన్స్. వియత్నాంలో తయారైన యాక్సీ ఇన్ఫినిటీ అనే ఆట కోవిడ్ రోజుల్లో అక్కడ బాగా వ్యాపించింది. పనులు పోయినవాళ్ళు ఇంట్లో కూర్చుని ఫోనులో ఆడి రోజు గడుపుకున్నారు. అప్పట్లో ఆడాలంటే ముందు మూడు యాక్సీలు కొనాల్సి వచ్చేది. యాక్సీ అంటే ఆ ఆటలో ఉండే చిన్న జంతువు. 2021లో వాటి ధర వందల డాలర్లకి పెరిగింది. కొనలేనివాళ్ళకి డబ్బున్నవాళ్ళు జంతువుల్ని అద్దెకిచ్చి, సంపాదనలో వాటా తీసుకునేవాళ్ళు. ఇలా ఆడేవాళ్ళని ‘స్కాలర్లు’ అన్నారు. మన భాషలో దీనికి పాత మాట ఉంది: పాలికాపు. అంటే ఇంకొకరి పొలంలో పనిచేసి పంటలో పాలు, అంటే వాటా, తీసుకునేవాడు.

ఆటలో గెలిస్తే ఎస్‌ఎల్‌పీ అనే నాణెం వచ్చేది. 2021 జూలైలో దాని ధర 30 సెంట్లు దాటింది. నాణేలు రోజూ పుడుతూనే ఉన్నాయి, కొనేవాళ్ళు మాత్రం కొత్తగా చేరేవాళ్ళే. కొత్తవాళ్ళు తగ్గగానే ధర జారింది. 2022 మధ్యకి అది ఒక సెంటు కంటే తక్కువ. ఈలోగా 2022 మార్చిలో ఆ ఆట డబ్బు దాచిన చోట 60 కోట్ల డాలర్ల కంటే ఎక్కువ దొంగతనం జరిగింది. అది ఉత్తర కొరియా ముఠా పని అని అమెరికా ఎఫ్‌బీఐ చెప్పింది. అప్పు చేసి జంతువుల్ని కొన్నవాళ్ళకి చివరికి అప్పు మిగిలింది.

మా తోట పద్దు

ఇక్కడ చదవడం ఆపి మా అమ్మమ్మని తలుచుకున్నాను. నేను మొదట విన్న డబ్బు మాట ‘పద్దు’. పద్దు అంటే లెక్క పుస్తకంలో రాసిన ఒక వరస.

మా అమ్మమ్మ రబ్బరు తోటలో పాలు గీసేది. తోటలోనే ఒక కొట్టు ఉండేది. బియ్యం, ఎండు చేప, కిరసనాయిలు, అన్నీ అక్కడే పద్దు మీద తెచ్చుకోవాలి. నెలాఖరుకి కూలి లెక్క చూస్తే, పద్దు పోగా మిగిలేది చాలా తక్కువ. ఆమెకి చదవడం రాదు. పుస్తకంలో ఏం రాశారో ఆమెకి తెలియదు. “రాసేవాడి చేతిలోనే ఉంటుందమ్మా కూలి” అనేది.

ఇంకా పాత రోజుల్లో, 19వ శతాబ్దం చివర, సుమత్రాలోని దేలీ పొగాకు తోటల్లోనూ ఉత్తర బోర్నియో తోటల్లోనూ యజమానులు సొంత బిళ్ళలు వేయించి కూలిగా ఇచ్చారు. అవి ఆ తోటలోనే చెల్లుతాయి. అమెరికాలో బొగ్గు గనుల యజమానులూ అలాగే చేశారు. కూలి నిజమైన డబ్బుగానే ఇవ్వాలని బ్రిటన్ 1831లోనే చట్టం చేసింది.

ఆట డబ్బు, తోట బిళ్ళ ఒకటే అని నేను అనడం లేదు. ఆట ఆడమని ఎవరూ బలవంతం చేయరు. మా అమ్మమ్మకి వేరే తోవ లేదు. కానీ ఒక్క సంగతి ఒకటే. పుస్తకం ఎవరి చేతిలో ఉందో, డబ్బుని బయటికి తెచ్చే దారి ఎవరి చేతిలో ఉందో, విలువ వాళ్ళ చేతిలోనే ఉంటుంది. కష్టం ఎవరు పడ్డారన్నది తరవాతి మాట.

కవరు, రసీదు

ఉగాది అయిన రెండు వారాలకి మా మనవడే ఇంటికి వచ్చాడు. ముఖం చిన్నబోయి ఉంది. వాడి అకౌంట్ మూసేశారట. లోపల సుమారు 1,300 రింగిట్ల విలువ చేసే బంగారం ఉండిపోయింది. ఆట బంగారాన్ని అసలు డబ్బుకి అమ్మకూడదని ఆ ఆట నియమాల్లో ఉంది. వాడు ‘ఒప్పుకుంటున్నాను’ అని నొక్కాడు. చదవలేదు.

“నలభై రాత్రులు కూర్చున్నాను అమ్మమ్మా. అది నాది కాదా?” అన్నాడు.

ఇంతకుముందైతే ‘నేను చెప్పలేదా’ అనేదాన్ని. ఈసారి అనలేదు. “కష్టం నీదే నాన్నా. పుస్తకం నీది కాదు” అన్నాను. తరవాత మా అమ్మమ్మ పద్దు గురించి చెప్పాను. వాడికి ఆ కథ ఇంతకుముందు ఎవరూ చెప్పలేదు.

“ఆవిడకి చదవడం రాదు. నాకు వచ్చు, కానీ చదవలేదు” అన్నాడు కాసేపటికి.

నేను అనాల్సింది కూడా ఉంది. “అందరి ముందూ మోసం అన్నాను. ఆ మాట తప్పు. నువ్వు ఎవరినీ మోసం చేయలేదు. కొన్నవాడు తెలిసే కొన్నాడు. నియమం తప్పావు, దానికి నష్టపోయావు. అది వేరు, మోసం వేరు.”

మర్నాడు ఇద్దరం గుడికి వెళ్ళాం. సొరుగులోంచి కవరు తీశాను. వాడి పేరు, నక్షత్రం, 101 రింగిట్లు, అన్నదానం అని రాశాను. తెలుగులో రాశాను. ‘అన్నదానం’లో ‘న’ కింద వత్తు మొదట మరిచిపోయి మళ్ళీ పెట్టాను. రసీదు చింపి ఇచ్చాను. ఆ రోజు వరసలో ఎవరూ లేరు. ఉంటే బాగుండేది. అందరి ముందు అన్న మాటని అందరి ముందే వెనక్కి తీసుకోవాలి.

మీ ఇంట్లో పిల్లలు ఎవరైనా ఆటలో డబ్బు సంపాదిస్తున్నామంటే, నాలాగా పెన్ను ఆపేయకండి. మూడు ప్రశ్నలు అడగండి. లెక్క పుస్తకం ఎవరి దగ్గర ఉంది? డబ్బు బయటికి తెచ్చుకునే దారి నియమం ప్రకారం ఉందా, దొంగచాటుదా? ఆ డబ్బు ఎవరి దగ్గరనుంచి వస్తోంది, ఆడి సంతోషించేవాడి దగ్గరనుంచా, కొత్తగా చేరేవాడి దగ్గరనుంచా? మూడిటికీ జవాబు తెలిస్తే మంచి చెడ్డా వాళ్ళే తేల్చుకుంటారు. అప్పు చేసి మాత్రం ఏ ఆటలోకీ దిగవద్దని చెప్పండి.

మా వాడు ఇప్పుడు చదువుకుంటూ శని, ఆదివారాలు ఒక కొట్టులో కంప్యూటర్లు బాగుచేస్తున్నాడు. ఆటలు మానలేదు, అమ్మడం మానేశాడు. కొత్త ఆట పెట్టుకునే ముందు నియమాలు నాకు చదివి వినిపిస్తాడు. ఇంగ్లీషులో చదువుతాడు, నేను తెలుగులో చెప్పడానికి ప్రయత్నిస్తాను. ఇద్దరికీ కష్టంగానే ఉంటుంది.

బేరం, బాకీ, వడ్డీ, చిల్లర వచ్చే నెల తప్పకుండా రాస్తాను.